ఊపిరి ఇంటికొచ్చే చప్పుడు

ఎకో గదిలో ఎప్పుడూ మునిమాపు వేళే. బయట నంద్యాల ఎండ పేలిపోతున్నా, ఆటోవాళ్ళు స్టేషన్, బస్టాండ్ అని గొంతు చించుకుంటున్నా, తలుపు వేసి, కర్టెన్ లాగి, లైటు ఆర్పితే లోకం గడప అవతలే ఆగిపోతుంది. మిషను తెర వెలుగు ఒక్కటే మిగులుతుంది. ఆ వెలుగులో అటు తిరిగి పడుకున్న మనిషి వీపు, పక్కటెముకల మీద నా చెయ్యి, తెర మీద తెరుచుకుంటూ మూసుకుంటూ ఉండే గుండె కవాటాలు. పన్నెండేళ్ళుగా నా పగళ్ళన్నీ ఇలాగే గడిచాయి. పెళ్ళిళ్ళలో ఎవరైనా నువ్వేం చేస్తుంటావని అడిగితే గుండెకు స్కాన్ తీస్తుంటానని చెప్తాను. వాళ్ళు వెంటనే తమ గుండె సంగతి మొదలుపెడతారు. విస్తట్లో అన్నం చల్లారిపోయేదాకా వింటాను.

ఈ చీకట్లో ఎలా చూడాలో నాకు నేర్పిన మనిషి పోయి నెల దాటింది. ఆయన పేరు ఇక్కడ రాయను. తన పేరు అచ్చులో కనిపిస్తే ఆయనకు చిరాకు. ఆస్పత్రి గేటు పక్కన డాక్టర్ల పేర్ల బోర్డు పెట్టిన వారానికే, సరిగ్గా ఆయన పేరు మీద ఎవరో ట్యూషన్ సెంటర్ కాగితం అంటించి పోయారు. దాన్ని పీకడానికి వెళ్ళిన వాచ్‌మన్‌ని ఆయనే ఆపాడు. మేమంతా సార్ అనేవాళ్ళం. రోగులు మాత్రం ‘చప్పుడు వినే సార్’ అనేవాళ్ళు.

ఆయన చివరి ఎకో తీసింది నేనే. ఆ రిపోర్టులో ఒక లైను అబద్ధం రాశాను. ఒకే ఒక్క మాట. ఆ మాటను నమ్మి, తనకేముందో తెలియకుండానే ఆయన వెళ్ళిపోయాడా అన్న ప్రశ్న ఈ నెల రోజులూ నన్ను పట్టుకుని వదల్లేదు. ఆయన గురించి ఎవరైనా మాట్లాడితే లేచి పక్కకు వెళ్ళిపోయాను. నోటితో చెప్పలేనిది రాస్తే వస్తుందేమోనని ఇప్పుడు కూర్చున్నాను.

మొదట గుర్తొచ్చేది ఆయన ప్లాస్కు. పచ్చరంగు, వెడల్పు మూతి, పైన సొట్ట. ఎకో తీసేటప్పుడు ఛాతీ మీద రాసే జెల్లు ఐసుముక్కలా ఉంటుంది. ఎవరైనా సరే ఒక్క క్షణం బిగుసుకుపోతారు. ఆయన పొద్దున్నే ఇంటి నుంచి ప్లాస్కులో వేడినీళ్ళు తెచ్చుకుని, జెల్లు సీసాను అందులో ముంచి పెట్టేవాడు. కొత్తల్లో నాకిదంతా చాదస్తంగా కనిపించేది. ఒకరోజు అడిగేశాను కూడా, అంత అవసరమా సార్ అని.

“చల్లగా తగిల్తే మనిషి ఉలిక్కిపడతాడు. వాడితో పాటు గుండే ఉలిక్కిపడతాది. ఉలిక్కిపడిన గుండెను చూసి ఏం రాస్తావు నువ్వు?” అన్నాడు.

ఇంకో అలవాటు, ఫ్యాను ఆపేయడం. ఏసీ కూడా. నంద్యాలలో మే నెలలో ఏసీ ఆపే మనిషిని మంచివాడనడానికి గుండె ధైర్యం కావాలి. రోగులు మొత్తుకునేవాళ్ళు. “ఏంది సార్, ఉడికిపోతాండాం” అని ఒకాయన లేచి కూర్చున్నాడు కూడా. “రెండే నిమిషాలప్పా. నీ లోపల ఏదో మాట్లాడతాండాది, యినాల గదా” అని ఆయన్ని మళ్ళీ పడుకోబెట్టాడు.

ఆయన వినేది డాప్లర్ చప్పుడు. డాప్లర్ అంటే పెద్ద విషయమేమీ కాదు, రక్తం పరుగును మిషను పట్టి రంగుగానూ చప్పుడుగానూ మార్చి ఇవ్వడం. మన వైపు వచ్చే రక్తం తెర మీద ఎర్రగా, దూరంగా పోయేది నీలంగా కనిపిస్తుంది. చప్పుడు మాత్రం అందరూ తీసేస్తారు. చూస్తే చాలు, వినడమెందుకని. రోజుకు ముప్పై మందిని చూసే చోట ఆ హోరు తలనొప్పి కూడా. ఆయన మాత్రం తెర చూసి చూసి, చివర్లో కళ్ళు మూసుకునేవాడు. మా మిషనుకు రెండు స్పీకర్లు. వచ్చే రక్తం చప్పుడు కుడిదాంట్లో, వెనక్కి పోయే రక్తం చప్పుడు ఎడమదాంట్లో. ఈ సంగతి మిషను అమ్మినవాళ్ళు కూడా మాకు చెప్పలేదు. ఆయనే కనిపెట్టి, రెండు స్పీకర్లకూ మధ్య తల పెట్టి, దేవుడి గదిలో కూర్చున్నట్టు కూర్చునేవాడు.

ఆయన అన్నిటికీ చివర చూసేది ఊపిరితిత్తుల నుంచి గుండెకు వచ్చే సిరల్ని. శుభ్రపడిన రక్తాన్ని తెచ్చి గుండె ఎడమ పై గదిలో పోసే నాలుగు దారులు. పుస్తకాల్లో వాటిని పుపుస సిరలంటారు. ఆయన దొడ్డిదోవలు అనేవాడు. తెరలో అన్నిటికంటే అడుగున, అన్నిటికంటే లోతులో, మసక మసకగా ఉంటాయవి. చెయ్యి కొంచెం అటూ ఇటూ అయితే మాయమైపోతాయి. కవాటాలు, గోడలు, గదులు చూసి చెయ్యి తీసేస్తే పని అయిపోయినట్టే. చాలామంది అక్కడే ఆపేస్తారు. నేనూ ఆపేసేదాన్ని.

“ముందు వాకిలి చూసొచ్చి ఇల్లంతా చూసినానంటావు. దొడ్డిదోవ యాడ చూసినావు? ఇంట్లో ఇరుకు పడితే మొదాట తెలిసేది ఆడనే” అనేవాడు.

ఆయన చెప్పింది నిజమే. గుండె గదుల్లో ఒత్తిడి పెరిగితే, లోపలికి రావలసిన రక్తం గడపలో ఆగి, వచ్చిన దారినే వెనక్కి మళ్ళుతుంది. కవాటం బయటికి ఎంత బాగా కనిపించినా ఈ దారుల్లో గుట్టు బయటపడుతుంది. అన్నీ సరిగ్గా ఉన్నప్పుడు ఆ చప్పుడు ఎంత బాగుంటుందో చెప్పలేను. రెండు పొడుగాటి నిట్టూర్పులు కుడి వైపు నుంచి, ఆ తర్వాత ఎడమ వైపు నుంచి ఒక చిన్న ‘హు’. మళ్ళీ రెండు, మళ్ళీ ఒకటి. చీకట్లో వింటూ ఉంటే కుందూ నది ఒడ్డున కూర్చున్నట్టుండి, ఎక్కడున్నామో మరిచిపోతాం. రోగులు తప్పకుండా అడిగేవాళ్ళు, ఏం చప్పుడు సార్ అది అని. ఆయన ఎప్పుడూ ఒకే జవాబు చెప్పేవాడు.

“నీ ఊపిరి ఇంటికొస్తాండాదప్పా.”

అవ్వలైతే ఆ మాటకు దండం పెట్టేవాళ్ళు.

ఇక ఆస్పత్రి ఆఫీసుకు ఆయన పెట్టిన తలనొప్పి. మా రిపోర్టు ఫారం కంప్యూటర్లో ముందే నిండి ఉంటుంది. ప్రతి లైనుకూ ఎదురుగా నార్మల్ అని ఇంగ్లీషులో అచ్చయి ఉంటుంది. తేడా ఉన్నచోట మాత్రం మనం మార్చాలి. చూడని దాన్ని మార్చం కాబట్టి అది నార్మల్‌గానే మిగిలిపోతుంది. మా పనిలో ఇంతకంటే సులువైన తప్పు ఇంకోటి లేదు. చెయ్యి ఎత్తకుండానే జరిగిపోతుంది. ఆయనకు ఆ నాలుగు సిరలు సరిగ్గా దొరక్కపోతే, అచ్చయిన కాగితం మీద ఆ నార్మల్‌ను నీలం ఇంకుతో అడ్డంగా కొట్టేసి, పక్కన తెలుగులో ‘కనపడలేదు’ అని రాసేవాడు. తెలుగులో ఎందుకంటే, రోగి చదువుకోవాలి గదా అనేవాడు.

ఆఫీసు మేనేజరు ఒకసారి గదిలోకే వచ్చాడు. “సార్, రిపోర్టు మీద కొట్టివేతలుంటే జనం భయపడతాండారు. వేరే చోటికి పోతాండారు.”

“చూడంది చూసినామని రాస్తే భయపడరా?”

“వాళ్ళకు తెలియదు గదా సార్!”

“నాకు తెలుసు గదప్పా” అని, ఆయన మేనేజరును చొక్కా ఎత్తమని జెల్లు సీసా అందుకున్నాడు. మేనేజరు మళ్ళీ ఆ గదిలోకి రాలేదు.

గురువారం గురువారం ఆయన ఆళ్ళగడ్డ పోయేవాడు. అక్కడ ఒక చిన్న నర్సింగ్ హోములో, చేతిపెట్టె అంత మిషనుతో, గుండె జబ్బుల వాళ్ళను చూసేవాడు. నన్నూ వెంట తీసుకుపోయేవాడు. కారుంది, అయినా ఎక్కేవాడు కాదు. ఆర్టీసీ బస్సులో ఎడమ పక్క కిటికీ సీటు కావాలి, నల్లమల కనిపించాలని. మిషను ఒళ్ళో పెట్టుకుని, దాని మీద రెండు చేతులూ వేసి, శిరివెళ్ళ దాటేసరికి కునుకు తీసేవాడు. అహోబిలం పోయే యాత్రికులు బస్సంతా నిండి గోవిందలు కొడుతున్నా కదిలేవాడు కాదు. ఒకసారి ఆ కునుకులోంచి సగం లేచి, కళ్ళు తెరవకుండానే చెప్పాడు.

“నాకు కలలో మనుషులు రారమ్మా. రంగులే వస్తాయి. ఎర్రగా వస్తాది, నీలంగా పోతాది. ఎవరిదో తెలియదు. ఎవరిదైనా బాగనే ఉంటాది చూస్తాంటే.”

నల్లమల మీద ఆరోజు మబ్బు పట్టి ఉంది. ఆయన మళ్ళీ నిద్రపోయాడు. నాకెందుకో చాలాసేపు బస్సు నేల మీద పోతున్నట్టు అనిపించలేదు.

నా మొదటి తప్పు బయటపడింది అలాంటి ఒక గురువారమే.

ఆళ్ళగడ్డలో రోడ్డు పొడవునా రాతి బొమ్మలు చెక్కే షెడ్లుంటాయి. అక్కడి శిల్పి ఒకాయన, అరవైకి దగ్గరపడ్డ మనిషి, కనుబొమ్మల్లో కూడా తెల్లటి రాతిపొడి. నాలుగడుగులు వేస్తే ఆయాసం. పడుకుంటే ఊపిరాడక గోడకు ఆనుకుని నిద్రపోతున్నాడు. చూసినవాళ్ళంతా ఒకే మాట చెప్పారు, రాతిదుమ్ము ఊపిరితిత్తుల్లో చేరిందని. ముందు వారం నంద్యాలలో ఆయనకు ఎకో తీసింది నేనే. కవాటం కొద్దిగా కారుతోందని రాశాను. మిగతాదంతా నార్మల్. ఆ కాగితాన్ని ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని ఆయన గురువారం సార్ దగ్గరికి వచ్చాడు.

సార్ కాగితం మీద వేలు పెట్టి ఒక్కో లైనూ దిగుతూ వచ్చి, దొడ్డిదోవల దగ్గర ఆపాడు.

“ఇది చూసినావా?” నన్నడిగాడు.

“చూసినా సార్.”

“కుడి పక్కదా, ఎడమ పక్కదా?”

శిల్పి నా ముఖం వైపు, సార్ ముఖం వైపు మార్చి మార్చి చూస్తున్నాడు.

“చూడల్యా సార్” అన్నాను.

తిడతాడనుకున్నాను. తిట్టలేదు. కిటికీకి దుప్పటి కట్టమన్నాడు. ఫ్యాను ఆపాడు. ప్లాస్కు మూత తీశాడు. శిల్పిని ఎడమ పక్కకు తిప్పి పడుకోబెట్టి, చాలాసేపు, అదే చోట, వెంట్రుకవాసి వెంట్రుకవాసి చెయ్యి జరుపుతూ వెతికాడు. ఆ చిన్న మిషనుకు చెవుల్లో పెట్టుకునే తీగలుండేవి. ఒకటి తన చెవిలో పెట్టుకుని, రెండోది, ఎడమది, నా చెవిలో పెట్టాడు.

గుండె పిండుకున్న ప్రతిసారీ నా చెవిలో హోరుమంది. అక్కడ ఏ చప్పుడూ ఉండకూడని సమయంలో పెద్ద చప్పుడు. కవాటంలోంచి కారే రక్తం గోడను పట్టుకుని పక్కగా పోతోంది. అందుకే తెర మీద నాకు కొద్దిగా కనిపించింది. అసలు కథ దొడ్డిదోవలో ఉంది. రక్తం ఊపిరితిత్తుల్లోకే తిరిగి వెళ్ళిపోతోంది.

“దుమ్ము గాదప్పా నీది. తలుపు సరిగ్గా మూసుకుంటలేదు. ఇంట్లోకి వచ్చిందంతా ఎనక్కి పోతాండాది. కర్నూలుకు పోయి తలుపు బాగు చేయించుకుంటే సరిపోతాది” అన్నాడు సార్.

శిల్పి లేచి కూర్చుని చొక్కా వేసుకుంటూ, భయపడాల్సింది పోయి, ఇంకేదో ఆలోచనలో పడ్డాడు. “మీరు యిని చెప్పినారా సార్? మేమూ అంతే. క్వారీ నుంచి రాయి వస్తానే సుత్తితో తట్టి యింటాం. గంట మాదిరి పలికితే మంచిది. మొద్దుగా పలికితే లోపల యాడనో చీలిక ఉన్నట్టే, పైకి ఎంత నున్నగా ఉన్నా సరే. చెవి ఒప్పుకునేదాకా ఉలి పెట్టం” అన్నాడు.

సార్ ముఖం వెలిగిపోవడం నేను అప్పుడే చూశాను. మిగిలిన రోగుల్ని చూసేసి, బస్సు సంగతే మరిచిపోయి, ఆ శిల్పి షెడ్డుకు నడిచాడు. వెనకాలే నేను. అక్కడ సగం చెక్కిన దేవుళ్ళు, ముక్కు లేనివాళ్ళు, ఇంకా చేతులు రానివాళ్ళు, మెడదాకా రాతిలోనే ఉండిపోయినవాళ్ళు, వరసగా నిలబడి ఉన్నారు. గాలిలో సన్నటి పొడి ఎండలో మెరుస్తూ తేలుతోంది. శిల్పి ఒక బండ మీద చిన్న సుత్తితో తట్టాడు. ణంగ్ అని సాగింది. ఇంకో బండ మీద తట్టాడు. చప్పుడు అక్కడే పడిపోయింది. సార్ మోకాళ్ళ మీద కూర్చుని ఆ బండకు చెవి ఆనించి, “ఇంగోసారి” అన్నాడు. మళ్ళీ తట్టించాడు. మళ్ళీ. కళ్ళు మూసుకునే ఉన్నాడు, చెంపకు తెల్లగా పొడి అంటుకుంది. రెండు బస్సులు పోయాయి. నేను వాచీ చూసుకోవడం మానేసి ఒక ముక్కు లేని దేవుడి పక్కన చప్టా మీద కూర్చున్నాను. ఇప్పటికీ ఆయన్ని తలుచుకుంటే నా కళ్ళ ముందు నిలిచేది ఆ తెల్లటి చెంపే.

తిరుగు బస్సులో ఒకే ఒక్క మాటన్నాడు. “కనపడకపోతే తప్పు గాదు. కనపడలేదని రాయకపోతేనే తప్పు.”

శిల్పికి కర్నూలులో ఆపరేషన్ అయింది. ఇప్పటికీ ముక్కుకు తడిగుడ్డ కట్టుకుని చెక్కుతూనే ఉన్నాడు. నేను మరుసటి రోజే కంప్యూటర్లో ఆ లైనుకు ఎదురుగా ఉన్న నార్మల్‌ను తీసేసి ఖాళీగా పెట్టాను. ఖాళీగా ఉంటే రాయక తప్పదు. రాయాలంటే చూడక తప్పదు. పదేళ్ళు అలాగే చూశాను, అలాగే రాశాను. కనపడితే కనపడిందని, లేకపోతే లేదని. ఆ పదేళ్ళలో ఆ లైనులో నేను అబద్ధం రాసింది ఒక్కసారే.

ఈ ఏడు చలి తగ్గి ఎండ ముదురుతున్న రోజులవి. బస్సు మెట్టెక్కడానికి సార్ కడ్డీ పట్టుకుని ఒక్క నిమిషం ఆగడం గమనించాను. ఒక గురువారం ఆగాడు, రెండో గురువారం ఇంకొంచెంసేపు ఆగాడు. మూడోవారం ఒక మధ్యాహ్నం, రోగులంతా అయిపోయాక, తనే గదిలోకి వచ్చి తలుపేశాడు. చొక్కా విప్పి, మడిచి, కుర్చీ మీద పెట్టాడు. అంత పెద్దమనిషి బనీను కూడా లేకుండా ఆ మంచం మీద కూర్చుంటే నాకు ఎటు చూడాలో తెలియలేదు.

“ఆళ్ళగడ్డకు ఇంగెన్నాళ్ళు పోవచ్చునో చూసి చెప్పమ్మా” అన్నాడు.

నవ్వుతూనే అన్నాడు. కాని ఆ ప్రశ్నలో ఆయన అడిగింది గురువారాల గురించే, వేరే దేని గురించీ కాదు. ఆ ప్రయాణం, ఆ కిటికీ, ఆ కునుకు, చీకటి గదిలో ఎవరెవరివో చప్పుళ్ళు. అవి ఆగిపోతే ఆయనకు ఇంకేమీ మిగలదని నాకు తెలుసు.

జెల్లు వెచ్చగానే ఉంది. ఫ్యాను ఆపాను. ఆయన గోడ వైపు తిరిగి పడుకున్నాడు, తెర ఆయనకు కనపడదు. గుండె కండరం గట్టిపడింది. అది ఆ వయసుకు ఎవరికైనా ఉంటుంది, ఆయనా ఊహించిందే, రాశాను. ఒత్తిడి ఎంత పెరిగిందో తేల్చేది దొడ్డిదోవే. చెయ్యి కొంచెం కింద పెట్టి వెతికాను. అలవాటుగా చప్పుడు పెంచే ఉంచాను, అది ఆయన నేర్పిన అలవాటే.

దొరికింది. తేటగా, పుస్తకంలో బొమ్మలా దొరికింది. కుడి స్పీకరులో రావలసిన మొదటి నిట్టూర్పు ఉందో లేదో అన్నట్టుంది. ఎడమ స్పీకరులో చిన్న ‘హు’ ఉండాల్సిన చోట పొడుగ్గా, బరువుగా, ఎవరో కుండెడు నీళ్ళు వెనక్కి వొంపేసినట్టు చప్పుడు. గుండె కొట్టుకున్నది నాలుగు సార్లు, కాదంటే ఐదు. నా చెయ్యి నన్నడక్కుండానే చప్పుడు మీట మీదికి పోయి పూర్తిగా తగ్గించేసింది.

గదిలో ఏమీ వినపడలేదు. ఆయన వీపు కదల్లేదు.

“దొడ్డిదోవ కనపడిందా?” అడిగాడు గోడతోనే.

“లేదు సార్.”

“లేదా?”

“ఊపిరి అడ్డమొస్తాండాది సార్. లోతు ఎక్కువుండాది.”

“సరే. కనపడకపోతే కనపడలేదనే రాయి” అన్నాడు.

రాశాను. ఆయన మాటనే, ఆయన రాసినట్టే, తెలుగులో, నీలం ఇంకుతో. కనపడలేదు. నిజాయితీకి ఆయన పెట్టుకున్న మాటను నేను అబద్ధానికి వాడుకున్నాను. ఇంకో నాలుగు గురువారాలు పోనీ, తర్వాత మెల్లగా చెబుదాం, కర్నూలులో ఎటూ ఇంకోసారి తీయించుకుంటాడు గదా, ఇలా నాకు నేను ఎన్ని చెప్పుకున్నానో. అసలు సంగతి, ఆయనకు ఆ మాట చెప్పే ధైర్యం నాకు లేదు. ఆయన కాగితం తీసుకుని ఆ లైను దగ్గర కొంచెం ఎక్కువసేపే ఆగి, మడిచి జేబులో పెట్టుకున్నాడు. చొక్కా గుండీలు పెట్టుకుంటూ, “నీ అక్షరాలు బాగుంటాయమ్మా” అన్నాడు.

తర్వాతి నెలల్లో ఏమీ మారలేదు. ఒక్కటి తప్ప. పాములపాడు నుంచి వచ్చిన ఒక బొద్దుపాటి ఆమెకు నాకు నిజంగానే ఆ సిరలు దొరకలేదు. కనపడలేదని రాసి ఆయన ముందు పెట్టాను. ఆయన కళ్ళజోడు మీదుగా చూసి, “నిజంగానా?” అన్నాడు. పదేళ్ళలో ఎన్నడూ అలా అడగలేదు. “నిజంగానే సార్” అన్నాను. తల ఊపి సంతకం గీత గీశాడు. ఆయనకు తెలుసా, తెలియదా? ఆ రోజంతా ఆలోచించి, తెలియదనే తేల్చుకున్నాను, నాకు అదే సుఖం కాబట్టి.

ఒక ఆదివారం మధ్యాహ్నం అన్నం తిని కునుకు తీసిన మనిషి మళ్ళీ లేవలేదు.

కర్మలన్నీ అయి, చుట్టాలు వెళ్ళిపోయాక, మొన్న వాళ్ళింటికి వెళ్ళాను. అమ్మగారు, ఆయన భార్య, వరండాలో ఒక్కతే కూర్చుని ఉంది. నన్ను చూసి లోపలికి పోయి పచ్చ ప్లాస్కు, ఒక పసుపుపచ్చ ఫైలు తెచ్చి నా ఒళ్ళో పెట్టింది.

“ఈ రెండూ నీకియ్యమని ఎప్పుడో చెప్పిపెట్టినాడు మీ సార్.”

“ఫైలు కూడానా అమ్మా?”

“ఫైలు కూడా. ఆ పాప చూసుకుంటాదిలే అన్నాడు.”

ఫైలు తెరిచాను. పైనే ఉంది నా రిపోర్టు. చివరి లైనులో, నేను రాసిన ‘కనపడలేదు’ మీద అడ్డంగా ఒక గీత. ఎన్ని వందల నార్మల్‌ల మీద గీశాడో, అదే గీత. దాని పక్కన ఆయన చేతిరాత.

వినపడింది.

కింద చిన్న అక్షరాల్లో ఆ రోజు తేదీ వేసి, ‘ఒంట్లో నీరు తీసే మాత్ర, ఈ పొద్దు నుంచే’ అని రాసుకున్నాడు.

“ఏం రాసుకున్నాడమ్మా? అద్దాలు లేంది నాకు ఆనదు” అంది అమ్మగారు.

చదివి వినిపించాను.

“ఏందీ వినపడింది?”

ఇక దాచడానికి ఏమీ లేదు. “నేను దాచిపెట్టిందమ్మా” అన్నాను. అంతా చెప్పాను. తేటగా కనపడటం, చప్పుడు తగ్గించెయ్యడం, ఆయన మాటతోనే ఆయనకు అబద్ధం రాయడం, ఈ నెల రోజులూ నిద్ర పట్టకపోవడం. ఏడుస్తూనే చెప్పాను. ఆమె ప్లాస్కు మూత మీది సొట్టను వేలితో రుద్దుతూ వింది. తర్వాత నవ్వో ఏడుపో తెలియని ముఖంతో నా వైపు చూసింది.

“అయితే నాకూ అబద్ధం చెప్పినాడన్నమాట. కాళ్ళు వాస్తాండాయి, దానికి మాత్ర అన్నాడు. నిజం చెప్పింటే నేను ఆళ్ళగడ్డకు పోనిచ్చేదాన్నా? అందుకే చెప్పల్యా. మాత్ర మింగడము, బస్సెక్కడము. ఒక్క గురువారమన్నా మానినాడా?”

మానలేదు. ఆయన పక్క సీట్లో కూర్చున్నది నేనే గదా, నాకు తెలుసు. ఆ గురువారాలు నేనిచ్చినవని ఇన్నాళ్ళూ లోలోపల ఒక మూల అనుకుంటూ వచ్చాను. నేనిచ్చినవి కావు. అన్నీ తెలిసి ఆయన తీసుకున్నవి.

అమ్మగారు కొంగుతో ముఖం తుడుచుకుంది. “ఎంతసేపూ ఆ చప్పుడు గురించే చెప్తాండె. అన్నం తినేకాడ కూడా. ఎట్లుంటాదమ్మా అది? ఇన్నేండ్లలో నేను ఒక్కసారీ యినల్యా” అంది.

ఎవరెవరికో వినిపించాడు, రాళ్ళ దగ్గరికి పోయి మరీ విన్నాడు. ఇంట్లో మనిషిని ఆ మంచం మీద పడుకోబెట్టాలని ఆయనకెందుకు తోచలేదో!

“రేపు రండమ్మా” అన్నాను.

నిన్న పొద్దున వచ్చింది. ప్లాస్కు నిండా వేడినీళ్ళు పోసి సీసా ముంచి పెట్టాను. కర్టెన్ లాగి, లైటు ఆర్పి, ఏసీ, ఫ్యాను ఆపేశాను. ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది. జెల్లు తగిలినప్పుడు ఉలిక్కిపడలేదు. తెర అడుగున, మసకలో, కొంచెంసేపు వెతికాను. ఎర్రగా ఒక దారి వెలిగింది. చప్పుడు మీటను చివరిదాకా తిప్పాను.

కుడి వైపు నుంచి రెండు పొడుగాటి నిట్టూర్పులు. ఎడమ వైపు నుంచి ఒక చిన్న ‘హు’. మళ్ళీ రెండు, మళ్ళీ ఒకటి.

“ఇదేనా?” అంది చీకట్లో.

“ఇదేనమ్మా. మీ ఊపిరి ఇంటికొస్తాండాది.”

చూడవలసింది చూడటం అయిపోయింది. రాయవలసిన మాట కూడా తేలిపోయింది. చెయ్యి తీయబోతుంటే ఆమె నా మణికట్టు పట్టుకుంది.

“ఇంగ కొంచేపు ఉండనీ” అంది.